లేవనన్న నగరపెద్ద

దేశ సైన్యాధిపతి ప్రిన్స్ పంపిన కర్నల్ వాన్ రెస్టెరెన్ సైనికులు ఉత్తర ద్వారం గుండా ఔడర్‌మేర్‌లోకి దిగారు. అడ్డుపడవలసిన ఊరి కాపలావాళ్ళు తుపాకులు గోడకి ఆనించి పక్కకి తప్పుకున్నారు. ఆ సాయంత్రమే అల్లుడి ఇంట్లో భోజనానికి కూర్చున్న నగరపెద్ద ఖోవర్ట్ టెర్ వీల్ చెవిన పడకూడని మాట పడింది. "ప్రిన్స్ వేసే కొత్త నగరసభకి నన్ను పెద్దగా పెడుతున్నారు మామయ్యగారూ. నేను ఒప్పుకున్నాను," అన్నాడు అల్లుడు రెయినౌట్. ఖోవర్ట్ చెంచా కింద పెట్టి, బఠాణీ సూపు సగంలో వదిలేసి, గడప దాటి వెళ్ళిపోయాడు. కూతురు అలెయిడ్ శాలువా కప్పుకుని తండ్రి వెంటే నడిచింది. మొగుడు పిలిచినా వెనక్కి తిరగలేదు. కిందటి వారం కథ అక్కడ ఆగింది.

తెల్లారేసరికి వర్షం పట్టుకుంది.

నగరసభ భవనం ముందున్న చౌకులో జనం గొడుగుల్లేకుండానే నిలబడి ఉన్నారు. సగం మంది టోపీలకి ప్రిన్స్ పక్షం గుర్తుగా నారింజ రంగు పట్టీలున్నాయి. నిన్నటిదాకా అందులో చాలామందికి ఆ పట్టీ లేదు. పట్టీ ఉన్నవాళ్ళు బిగ్గరగా మాట్లాడుతున్నారు, లేనివాళ్ళు బూట్ల వైపు చూసుకుంటున్నారు. ఈ ఊరు ఇలా రెండుగా చీలి ఏడాది దాటింది. మనిషి పుట్టకముందే దేవుడు అతని తలరాత రాసేశాడని ఒక పాదిరీ, కాదు, మనిషి చేతిలోనూ కొంత ఉందని ఇంకో పాదిరీ. ఇద్దరినీ చెప్పుకోనిచ్చాడు ఖోవర్ట్. వీధుల్లో రాళ్ళు రువ్వుకోవడం మొదలయ్యాక, తలలు పగలకుండా చూడటానికి ఊరి తరఫున కొంతమంది కిరాయి సైనికులను పెట్టాడు. ప్రిన్స్‌కి కోపం తెప్పించింది అదే. దేశంలో సైన్యం ఉంటే తన చేతికిందే ఉండాలి, ఊరు సొంతంగా తుపాకులు పెట్టుకుంటే అది తన మీద తిరుగుబాటే అన్నాడు ఆయన. ఆ మాట మీదే ఒక్కో ఊరి సభనీ ఇళ్ళకి పంపిస్తూ వస్తున్నారు ఆయన మనుషులు. ఇవాళ ఔడర్‌మేర్ వంతు.

సభాగది తలుపు ముందు, మెట్ల మలుపులో అలెయిడ్ నిలబడి ఉంది. ఆడవాళ్ళు ఆ తలుపు దాటకూడదు. చేతిలో తండ్రి ఉన్ని కోటు, గుడ్డలో చుట్టిన రొట్టె, జున్ను ముక్క ఉన్నాయి. తండ్రిని పట్టుకుపోతారని ఆమెకి తెలుసు. పట్టుకుపోయేవాళ్ళు అన్నం పెడతారన్న నమ్మకం లేదు.

నల్లకోటు, మడతలు నలగని తెల్ల కాలరుతో రెయినౌట్ మెట్లెక్కి వచ్చాడు.

"తొందరగానే వచ్చారే," అంది అలెయిడ్. "కుర్చీ ఇంకా ఖాళీ అవలేదు. నాన్న లేచేదాకా కాస్త నిలబడండి."

"ఇప్పుడు కాదు అలెయిడ్."

"మరెప్పుడు? మీరు అందులో కూర్చున్నాకా? అప్పుడు నేను వంగి మాట్లాడాలి కదా."

"నేను కాదంటే మెన్నోని పెడతారు. మెన్నో ఎలాంటివాడో నీకు తెలుసు."

"తెలుసు. దొంగ. కానీ మెన్నో మా నాన్న అల్లుడు కాడు."

రెయినౌట్‌వి రాత్రంతా నిద్రలేని కళ్ళు. భార్య చేతిలోని కోటు వైపు చూశాడు.

"ఆ కోటు చాలదు," అన్నాడు మెల్లిగా. "నీళ్ళ మీద చలెక్కువ."

"పడవ కూడా మీరే మాట్లాడారా?" అంది ఆమె. అతను తల వంచుకుని లోపలికి వెళ్ళిపోయాడు.

లోపల సభ కొలువై ఉంది. ఖోవర్ట్ తన కుర్చీలో, మిగతా సభ్యులు గోడల వెంబడి బల్లల మీద. అరవై ఎనిమిదేళ్ళ మనిషి ఖోవర్ట్. బీరు కాచే ఇంట్లో పుట్టి, ఆ ఆవిరిలోనే పెరిగి, ఇప్పటికీ దగ్గరికొస్తే యవల వాసన వేసే మనిషి. ఇవాళ గడ్డం దువ్వుకుని, పెళ్ళికి వెళ్ళేవాడిలా తయారై వచ్చాడు.

కర్నల్ నలుగురు సైనికులతో లోపలికి వచ్చాడు. టోపీ అంచు నుంచి నీళ్ళు కారుతున్నాయి.

"టోపీ తియ్యండి కర్నల్," అన్నాడు ఖోవర్ట్. "వర్షం బయట. ఇది సభ."

"ఈ టోపీ నేను ప్రిన్స్ ముందు తప్ప ఎక్కడా తియ్యను."

"అయితే ప్రార్థన కూడా టోపీతోనే చేస్తారన్నమాట. పాదిరీలకి చెప్పాలి, కొట్టుకోవడానికి వాళ్ళకి ఇంకో విషయం దొరుకుతుంది."

బల్లల మీద ఒకరిద్దరు నవ్వి, వెంటనే నోళ్ళు మూసుకున్నారు. కర్నల్ నవ్వలేదు, కోప్పడనూ లేదు. ఇలాంటి గదులు ఈ నెలలో చాలానే చూసి వచ్చినవాడు. ఒక్కో సభ్యుడి పేరూ చదివి, చివర్లో అన్నాడు: "మీ సేవలకి ప్రిన్స్ కృతజ్ఞతలు తెలుపుతున్నారు. ఈ క్షణం నుంచి మీరందరూ మీ ప్రమాణాల నుంచి విముక్తులు. ఇళ్ళకి వెళ్ళొచ్చు."

మొదట లేచింది తోళ్ళ వ్యాపారి బాల్తసర్.

"నా ఒంట్లో బాగాలేదు ఖోవర్ట్," అన్నాడు ఎవరి వైపూ చూడకుండా. "పైగా తోళ్ళు నానబెట్టి వచ్చాను."

"వెళ్ళు బాల్తసర్. తోళ్ళు పాడైపోతే మళ్ళీ రావు. ఊరంటావా, ఎప్పుడైనా దొరుకుతుంది."

బాల్తసర్ ముఖం కందిపోయింది. అయినా వెళ్ళాడు. అతని వెనక ఒకరు, ఆ వెనక ఇద్దరు. వెళ్తూ వెళ్తూ ఒక ముసలి సభ్యుడు ఖోవర్ట్ భుజం మీద చెయ్యి వేసి తీసేశాడు. గది ఖాళీ అయింది. కుర్చీలో మనిషి అలాగే ఉన్నాడు.

"మీ పేరూ చదివాను," అన్నాడు కర్నల్.

"విన్నాను. చెవులు బాగానే ఉన్నాయి. కాళ్ళే మాట వినడం లేదు."

"మర్యాదగా అడుగుతున్నాను. లేవండి."

"నేనూ మర్యాదగానే చెబుతున్నాను. లేవను." ఖోవర్ట్ కుర్చీ చేతుల మీద అరచేతులు ఆనించాడు. "ఇందులో నన్ను కూర్చోబెట్టింది ఈ సభ. ఈ సభని పెట్టుకుంది ఈ ఊరు. ఏటా మేం పంపిన పేర్లలోంచి కొన్ని ఎంచే హక్కు ప్రిన్స్‌కి ఉంది. కాదనను. ఏడాది మధ్యలో సైన్యాన్ని పంపి లేవగొట్టే హక్కు ఆయనకి ఎవరిచ్చారు? ఆయన మా సైన్యానికి అధిపతి. మేం జీతమిచ్చి పెట్టుకున్న అధిపతి. తలుపు దగ్గర కాపలాకి పెట్టిన మనిషి లోపలికొచ్చి యజమానిని లేవమంటే ఎలా ఉంటుందో, ఇదీ అలాగే ఉంది."

సైనికుల్లో ఒకడు కత్తి పిడి మీద చెయ్యి వేశాడు. కర్నల్ అతన్ని కళ్ళతోనే ఆపాడు. ముందుకి వచ్చి, ఈసారి గొంతు తగ్గించి మాట్లాడాడు. అందులో నటన లేదు.

"ముసలాయనా, నేను మీ శత్రువుని కాను. ఊరికో సైన్యం, వీధికో దేవుడు. స్పెయిన్‌తో సంధి ఎల్లకాలం ఉండదు. అది ముగిసిన రోజున వాళ్ళు మళ్ళీ వస్తారు. అప్పుడు ఎవరు నిలబడతారు? రొట్టె కోసం మీ దగ్గర చేరిన కిరాయి మనుషులా? దేశమంతా ఒక్క చేతికింద ఉంటేనే బతుకుతాం."

"నిలబడటం గురించి నాకు చెప్పకండి," అన్నాడు ఖోవర్ట్. అతని గొంతూ తగ్గింది. "స్పెయిన్ వాళ్ళు ఈ ఊరిని చుట్టుముట్టినప్పుడు మీరు పుట్టి ఉండరు. మా అమ్మ గుర్రం తోలు ఉడకబెట్టి పెట్టింది. నేను తిన్నాను. మా తమ్ముడు తినలేకపోయాడు. వాడిని గోడ పక్కనే పూడ్చాం, శ్మశానానికి వెళ్ళే దారి లేక. అంత అవసరం ఏమొచ్చిందో తెలుసా? స్పెయిన్ రాజు పంపినవాడొకడు ఈ గదిలోకే వచ్చాడు. ఇలాగే, టోపీ తియ్యకుండా. మీ హక్కులు రాజు ఇచ్చినవి, రాజే వెనక్కి తీసుకుంటున్నాడు అన్నాడు. ఆ మాట ఇంకోసారి వినకూడదని అంత చేశాం. ఇవాళ మీరొచ్చి అదే మాట మన భాషలో చెబుతున్నారు. అంతే తేడా."

గోడవారగా నిలబడ్డ రెయినౌట్ కళ్ళు మూసుకున్నాడు.

"ఒక్క మాట అనండి చాలు," అన్నాడు కర్నల్ చివరికి. "ఆ సైనికులని పెట్టడం పొరపాటని. విచారణకి హేగ్ దాకా వెళ్ళక్కర్లేదు. మీ బీరు మీరు కాచుకుంటూ, మనవల్ని ఆడించుకుంటూ ఉండండి."

"పొరపాటే అయితే మీరు అడక్కుండానే అనేవాణ్ణి."

కర్నల్ తల ఊపాడు. సైనికులు వచ్చి ఖోవర్ట్ చంకల కింద చేతులు వేశారు. అతను కుర్చీ చేతులు వదల్లేదు. వేళ్ళు విడదీయబోతే ముసలివేళ్ళు ఇనపకొక్కేల్లా బిగుసుకున్నాయి. తన్నుకోలేదు, అరవలేదు, ఊరికే కూర్చున్నాడు. ఆఖరికి విసుగెత్తి నలుగురూ కలిసి కుర్చీతో సహా ఎత్తారు.

"నెమ్మది," అన్నాడు ఖోవర్ట్ గాల్లోంచే. "వెనక కాలు వదులుగా ఉంది. ఊరి సొమ్ము."

కుర్చీని తీసుకెళ్ళి కిటికీ పక్కన దించారు. కింద చౌకులో జనం తలలెత్తి చూశారు. తడిసిన అద్దం వెనక నగరపెద్ద కుర్చీలోనే ఉన్నాడు. ఎవరో టోపీ తీశారు. పక్కవాడూ తీశాడు. ఆ టోపీకి నారింజ పట్టీ ఉంది.

గదిలోకి కొత్త సభ్యులు వచ్చి బల్లల మీద సర్దుకుని కూర్చున్నారు. కొత్త నగరపెద్దకి మాత్రం కుర్చీ లేదు. గది మధ్యలో ఖాళీగా ఉన్న చోట రెయినౌట్ నిలబడ్డాడు.

"అక్కడ నిలబడితే గాలి బాగా తగులుతుంది అల్లుడుగారూ," అన్నాడు ఖోవర్ట్ కిటికీ దగ్గర నుంచి. "నాకు అలవాటే."

రెయినౌట్ మామగారి వైపు చూడలేదు. కుడిచెయ్యి ఎత్తి రెండు వేళ్ళు నిలిపాడు. కర్నల్ ప్రమాణం చదువుతుంటే ఒక్కో ముక్కా తిరిగి చెప్పాడు. ప్రిన్స్‌కి విశ్వాసంగా ఉంటానని. ఊళ్ళో శాంతి నిలుపుతానని. ఔడర్‌మేర్ పట్టణానికీ, దాని పౌరులకీ తరతరాలుగా ఉన్న హక్కులన్నిటినీ ఏ లోపం రాకుండా కాపాడతానని. దేవుడు సాక్షి.

"బిగ్గరగా చెప్పు," అన్నాడు ఖోవర్ట్. "తలుపవతల నీ పెళ్ళాముంది. వినబడాలి."

రెయినౌట్ గొంతు పెంచి ఆఖరి వాక్యం మళ్ళీ చెప్పాడు. తలుపవతల అలెయిడ్ విన్నది. రొట్టె మూటని గట్టిగా నొక్కింది.

"మంచిది," అన్నాడు కర్నల్. "ఇక మాజీ నగరపెద్దని కిందికి తీసుకెళ్ళండి. పడవ సిద్ధంగా ఉంది. చీకటి పడేలోగా హేగ్ దారిలో సగం దాటాలి."

హేగ్‌కి తీసుకెళ్ళిన వాళ్ళెవరూ ఇంతవరకు తిరిగి రాలేదు. ఆ సంగతి గదిలో అందరికీ తెలుసు.

"ఆగండి," అన్నాడు రెయినౌట్.

కర్నల్ తిరిగి చూశాడు.

"ఈయన్ని ఊరి బయటికి తీసుకెళ్ళడానికి వీల్లేదు."

"ఏమన్నారు?"

"ఔడర్‌మేర్ పౌరుడి మీద ఏ నేరం మోపినా విచారణ ఔడర్‌మేర్‌లోనే జరగాలి. ఇంకో ఊరి న్యాయస్థానానికి ఈడ్చుకెళ్ళకూడదు. ఇది ఈ ఊరికి ఉన్న హక్కుల్లో అన్నిటికన్నా పాతది. దాన్ని కాపాడతానని ఇప్పుడే ప్రమాణం చేశాను. చేయించింది మీరే."

కర్నల్ మొదట నవ్వాడు. లైడెన్‌లో న్యాయశాస్త్రం చదివిన కుర్రాడు పాఠం అప్పజెబుతున్నాడనుకున్నాడు. "నిన్ను అక్కడ నిలబెట్టింది ఎవరో మర్చిపోయావా?" అన్నాడు.

"లేదు. అందుకే అడుగుతున్నాను. మీరు నిలబెట్టిన నగరపెద్ద మాట చెల్లదంటే, మీరు ఇవాళ ఇక్కడ చేసిందేదీ చెల్లదు. అప్పుడు అదిగో, ఆ కుర్చీలో ఉన్నాయనే ఇంకా నగరపెద్ద. ఏది కావాలో మీరే చెప్పండి."

కిటికీ దగ్గర కుర్చీ కిర్రుమంది. ఖోవర్ట్ ముందుకి వంగి అల్లుడి వైపు చూస్తున్నాడు. ఆ ఉదయం అతన్ని తిన్నగా చూడటం అదే మొదలు.

కర్నల్ కొత్త సభ్యుల వైపు తిరిగాడు. అందరూ తను ఎంచి తెచ్చిన మనుషులే. "మీరేమంటారు?"

వాళ్ళు ఒకరి ముఖాలొకరు చూసుకున్నారు. ఖోవర్ట్ మీద ప్రేమ ఉన్నవాడు వాళ్ళలో ఒక్కడూ లేడు. కానీ ఇవాళ ఖోవర్ట్‌ని తీసుకెళ్ళిన పడవ ఇంకో ఏడాదికి తమ కోసం రావచ్చు. ఉప్పు వ్యాపారి ఒకడు గొంతు సవరించుకున్నాడు.

"ప్రిన్స్ అంటే మాకు ప్రాణం కర్నల్. కానీ ఊరి హక్కు ఊరి హక్కే కదా. నగరపెద్దగారు చెప్పింది సబబుగానే ఉంది."

"అవునవును," అన్నారు ఇంకో ఇద్దరు.

కర్నల్ ముఖంలో నవ్వు పోయింది. గది చివరిదాకా నడిచి, తిరిగి వచ్చి, రెయినౌట్ ముందు ఆగాడు. ప్రిన్స్ ముందు తప్ప తియ్యనన్న టోపీని తీసి, నీళ్ళు విదిలించి మళ్ళీ పెట్టుకున్నాడు.

"సరే. నీ మాటే కానీ. విచారణ ఇక్కడే, ఈ గదిలోనే. రేపు పొద్దున. నేరం దేశద్రోహం. దానికి శిక్ష ఒక్కటే అని నీకు లైడెన్‌లో చెప్పే ఉంటారు. తీర్పు చెప్పే పీఠం మీద నువ్వే కూర్చుంటావు. ఎందుకంటే ఈ ఊరి పెద్దవి నువ్వే, అదీ మీ హక్కే. నేరస్థుడన్నావా, నీ మామ తల పోతుంది. కాదన్నావా, ప్రిన్స్‌ది తప్పని తీర్పు చెప్పినట్టు. అప్పుడు పడవలో ఇద్దరికి చోటు చేయిస్తాను."

"రేపు పొద్దున," అన్నాడు రెయినౌట్. "సరే."

"ఇంకో మాట. రేపు నేను అడిగే మొదటి ప్రశ్న ఇప్పుడే చెబుతున్నా. బీరు కాచుకునే మనిషికి ఇంత చట్టం తెలీదు. ఊరు సొంతంగా సైనికుల్ని పెట్టుకోవచ్చని ఈయనకి నూరిపోసిన వాడొకడున్నాడు. వాడి పేరు కావాలి నాకు."

"ఎవడూ లేడు," అన్నాడు ఖోవర్ట్. "నాకే తోచింది."

"రేపు చెప్పండి. ప్రమాణం చేసి." కర్నల్ చెయ్యి ఊపాడు. "కింద గదిలో పెట్టండి. కుర్చీ ఇక్కడే ఉండనివ్వండి."

అప్పుడు ఖోవర్ట్ తనంతట తానే లేచాడు. కోటు సర్దుకుని, సైనికులు చెయ్యి వెయ్యబోతే వద్దని వారించి, తలుపు వైపు నడిచాడు. తలుపు దగ్గర అలెయిడ్ తండ్రి మెడ చుట్టూ చేతులు వేసింది. అతను కూతురి తల నిమిరి, రొట్టె మూట తీసుకుని వాసన చూశాడు.

"జున్ను పాతదేనా?"

"పాతదే నాన్నా."

"మంచిది. కొత్తది నాకు పడదు."

రెయినౌట్ వెనకే మెట్ల దాకా వచ్చాడు. సైనికులు నాలుగడుగులు ముందున్నారు. మలుపులో ముగ్గురే నిలబడ్డారు.

"మామయ్యగారూ," అన్నాడు రెయినౌట్. "నిన్న రాత్రి చెప్పే వీల్లేకపోయింది. ఆ చోట నిలబడితే తప్ప మిమ్మల్ని ఆపలేనని..."

"అర్థమైంది. బాగానే ఆపావు." ఖోవర్ట్ గొంతులో ఉదయపు ఎకసెక్కం లేదు. "రేపు నన్ను మామయ్యా అని పిలవకు. ముద్దాయీ అను. తడబడకు, వాళ్ళకి అదే కావాలి. నేను తప్పు ఒప్పుకోను, క్షమాపణ అడగను, నీ దగ్గరా అడగను. నువ్వు నాకు ఏ సాయమూ చెయ్యకు. న్యాయంగా అడుగు, న్యాయంగా విను. ఊరు చూస్తుంది."

"మరి ఆ మొదటి ప్రశ్న అడిగితే?"

ఖోవర్ట్ అల్లుడి భుజం పట్టుకుని దగ్గరికి లాక్కున్నాడు.

"నేను చెప్పను. దేవుడి మీద ప్రమాణం చేయించినా నోరు విప్పను. నువ్వూ విప్పకు. ఆ రాత్రి నా బీరు కొట్టంలో కూర్చుని చట్టం మీ పక్షానే ఉంది, ధైర్యంగా పెట్టండి మామయ్యగారూ అన్న మాట మన ఇద్దరి మధ్యే ఉంది. అక్కడే ఉండనీ. నా తల ఒక్కటి చాలు."

అలెయిడ్ తండ్రి మోచేతిని పట్టుకున్న చెయ్యి వదిలేసింది. ఆమె మొగుడి వైపు తిరిగింది. నిన్నటి నుంచి ఆమె ముఖంలో ఉన్న కోపం ఎక్కడికి పోయిందో తెలీదు. దాని చోట భయం ఉంది.

"ఆ సలహా ఇచ్చింది మీరా?" అంది.

రెయినౌట్ తల ఊపాడు.

పైన, సభాగది తలుపు దాటి మెట్ల వైపు వస్తున్న కర్నల్ బూట్ల చప్పుడు ఆగిపోయింది.